విడిభాగము వెల ఎట్లు నిర్ణయమగును?

వర్షాకాలమున మన యిండ్లలో రేడియో తెరువగానే చెవిని బడునది గోదావరి వార్త. భద్రాచలము వద్ద నీటిమట్టము 43 అడుగులకు చేరినచో మొదటి ప్రమాద హెచ్చరిక; 48 అడుగులకు రెండవది; 53 అడుగులకు మూడవది. 1986 ఆగస్టులో ఆ మట్టము 75.6 అడుగుల వరకును, 2022 జూలైలో 71.3 అడుగుల వరకును పెరిగినది. ఆ అంకెలు వినినప్పుడు మనము ఏటి ఒడ్డు గ్రామములను తలచుకొందుము, అక్కడి మన చుట్టములను తలచుకొందుము. కాని కరకట్టలపైన, కోతపడిన రోడ్లపైన, పొంగిన వాగుల కడ ఆ దినములందు రేయింబవళ్ళు పనిచేయు యంత్రములను తలచుకొనువారు అరుదు.

అట్టి దినములలో ఒకనాడు బూర్గంపాడు దారిలో, వాన కోసివేసిన రోడ్డు ప్రక్క, నిలిచిపోయిన జేసీబీ నొకదానిని మేము చూచితిమి. ఇంజను ఆడుచున్నది. ఆపరేటరు చేతి మీటను లాగుచున్నాడు. బకెట్టు పైకి లేచుచున్నది. లేచినది లేచినట్లే మెల్లగా క్రిందికి జారిపోవుచున్నది. సిలిండరు లోపలి సీలు అరిగిపోయినదని తెలిసినది. యజమాని ఆ పాత సీలును అరచేతిలో పెట్టుకొని, దుకాణమువారు వ్రాసి యిచ్చిన చీటీని మాకు చూపి, "సారూ, మా ఇంటామె చేతి గాజంత లేదు. ఇనుము కాదు, వెండి కాదు. దీనికి ఇంత ధర ఏంది?" అని అడిగినాడు. యంత్రము అప్పుపై కొన్నది. యంత్రము కదలినను కదలకున్నను నెలవాయిదా నిలువదు. ఆనాడు మాకు సరియైన సమాధానము తోచలేదు. ఆయన ప్రశ్నకు సమాధానము వెదకుటయే ఈ వ్యాసముయొక్క ఉద్దేశము.

మొదట ఈ సీమను గూర్చి రెండు మాటలు. ఖమ్మమునుండి భద్రాచలము అడవుల అంచువరకు గల నేల యంత్రములకు క్రొత్త గాదు. 1871లో డాక్టరు విలియం కింగ్ ఇల్లెందు ప్రాంతమున బొగ్గు జాడ కనుగొనెను. సింగరేణి అను పల్లె పేరు పెద్ద సంస్థకు పేరైనది. నేడు మణుగూరులో, కొత్తగూడెములో, సత్తుపల్లిలో ఉపరితల గనులందు పెద్ద పెద్ద పారలు, డంపర్లు, డోజర్లు పనిచేయుచున్నవి. గోదావరికి దిగువన పోలవరము వద్ద కట్టిన స్పిల్‌వేకు 48 గేట్లు. ఒక్కొక్క గేటును ఎత్తుటకు రెండేసి హైడ్రాలిక్ సిలిండర్లు. ఆ సిలిండర్లు జర్మనీ దేశమునుండి వచ్చినవి. బూర్గంపాడు దారిలో మేము చూచిన బకెట్టును ఎత్తు సూత్రమును, ఆ మహాద్వారమును ఎత్తు సూత్రమును ఒక్కటే. ఒత్తిడిలోనున్న నూనె ముషలమును నెట్టును. ఆ నూనె ప్రక్కకు జారకుండ సీలు ఆపును. పరిమాణమున భేదమే గాని, రెండుచోట్లను సీలు లేనిదే బరువు నిలువదు.

మన వాడుకలోని పేర్లే ఈ యంత్రముల జన్మస్థానములను చెప్పుచున్నవి. జేసీబీ అనునవి 1945లో ఇంగ్లండున తన కర్మాగారమును ప్రారంభించిన జోసెఫ్ సిరిల్ బామ్‌ఫర్డ్ అను నాతని పేరులోని పొడి అక్షరములు. గొలుసు పట్టాలపై నడచు త్రవ్వుడు యంత్రమును మన కూలీలు పొక్లెయిన్ అందురు. అది ఫ్రాన్సు దేశపు కంపెనీ పేరు. యంత్రము ఏ దేశపుదైనను, ఎవరు చేసినదైనను, మనకు చక్రములుగలది జేసీబీ, గొలుసుగలది పొక్లెయిన్. పేరు తెలుగులో కలిసిపోయినది. భాగములు మాత్రము నేటికిని దూరదేశముల కొలతలతోనే వచ్చుచున్నవి. యంత్రమును మన దేశముననే కూర్చినను, లోపలి పంపో, వాల్వో, ఎలక్ట్రానిక్ పెట్టెయో సముద్రము దాటి రావచ్చును.

ఇక భాగము మన దుకాణమునకు చేరు దారిని చూతము. విదేశములోని కర్మాగారపు గుమ్మమువద్ద దానికొక వెల యుండును. దానికి ఓడ కిరాయి, భీమా కలియును. చెన్నై లేక విశాఖపట్టణపు రేవులో దిగినపుడు కస్టమ్స్ వారు ఈ మొత్తముపై సుంకము కట్టుదురు; అనగా సరకుపైననే గాక, సరకు చేసిన ప్రయాణముపైనను సుంకము పడును. ఆ మీదట దిగుమతి చేసిన సంస్థ దానిని గిడ్డంగిలో నిలువచేయును. అటనుండి ప్రాంతీయ డీలరునకు, ఆయన వద్దనుండి విజయవాడ, ఖమ్మము, కొత్తగూడెముల మీదుగా మనకు. ఈ దారి చివరి భాగము గూడ తక్కువది కాదు. భద్రాచలము రోడ్ అని పేరుగల రైల్వే స్టేషను కొత్తగూడెముననే యున్నది. అచటినుండి భద్రాచలమునకు సుమారు 40 కిలోమీటర్లు రోడ్డుపైననే పోవలెను.

ఈ దారిని అంకెలలో పెట్టి చూచినచో విషయము తేటపడును. క్రింది లెక్క ఉదాహరణకొరకు మేము వేసినది. కర్మాగారమువద్ద వెల 10,000 రూపాయలకు సమానమనుకొందము. ఓడ కిరాయి, భీమా కలిపి 1,000. మొత్తము 11,000. దీనిపై మూల సుంకము నూటికి 7.5 వంతున 825. ఆ సుంకముపై నూటికి 10 వంతున సాంఘిక సంక్షేమ సర్‌చార్జి 82 రూపాయల 50 పైసలు. వెరసి 11,907 రూపాయల 50 పైసలు. దిగుమతిదారు నిలువ ఖర్చునకును లాభమునకును నూటికి 30 చేర్చినచో 15,479.75. డీలరు నూటికి 20 చేర్చినచో 18,575.70. దానిపై నూటికి 18 వంతున జీఎస్టీ 3,343.63. దుకాణపు చీటీపై తేలునది సుమారు 21,919 రూపాయలు. రేవులో కట్టిన జీఎస్టీ తరువాతి అమ్మకములో సర్దుబాటగును గనుక దానిని మేము వేరుగా చేర్చలేదు.

పదివేలు ఇరువదిరెండు వేలకు సమీపించినది. ఇందు ఎవరో ఒక్కరు దోచుకొనిరని చెప్పుటకు వీలులేదు. కాని ఒక్క సంగతి గమనింపదగినది. సుంకము కిరాయిపైన పడినది. దిగుమతిదారుని లాభము సుంకముపైన పడినది. డీలరు లాభము ఆ లాభముపైన పడినది. పన్ను వీటన్నింటిపైన పడినది. కావున మొదటి మెట్టువద్ద ఒక్క రూపాయి పెరిగినచో చివరి మెట్టువద్ద ఒక్క రూపాయితో పోదు. మా లెక్కలో అది ఒక రూపాయి తొంబదితొమ్మిది పైసలగును. 2021 మార్చిలో ఒక పెద్ద ఓడ సూయజ్ కాలువకు అడ్డముపడి ఆరు దినములు దారి మూసినప్పుడును, 2023 చివరనుండి ఎర్రసముద్రములో దాడులకు వెఱచి ఓడలు ఆఫ్రికా ఖండమును చుట్టి పోవలసి వచ్చినప్పుడును ఓడ కిరాయిలు పెరిగినవి. ఆ పెరుగుదల ఇట్లు మెట్టుమెట్టునకు పెద్దదగుచు అడవి అంచునగల దుకాణము వరకు వచ్చును.

కొనువాడు జీఎస్టీ కింద నమోదైన కాంట్రాక్టరైనచో తాను కట్టిన ఆ పన్నును తన వసూళ్ళపై కట్టవలసిన పన్నులో సర్దుబాటు చేసికొనగలడు. ఒక్క యంత్రముతో ఊరూర కిరాయికి తిరుగు చిన్న యజమాని నమోదు కానిచో ఆ మొత్తము ఆతని చేతినుండి పోవలసినదే. వస్తువు ఒక్కటే, చీటీ ఒక్కటే, పెద్దవానికి అది ఒక వెల, చిన్నవానికి మరియొక వెల.

సుంకపు వర్గీకరణ మరియొక చిక్కు. ప్రపంచ దేశములలో అధికభాగము సరకులకు ఒకే సంఖ్యాక్రమమును 1988 జనవరి 1 నుండి అమలులోనికి తెచ్చినవి. అందు త్రవ్వు యంత్రములు 84.29 శీర్షికలోనివి, వాని భాగములు 84.31లోనివి. కాని యంత్రమునుండి ఊడదీసినదెల్ల 84.31 కాదు. ఇంజను భాగము 84.09, పంపు 84.13; బేరింగు 84.82, రబ్బరు సీలు 40.16. ఒకే పెట్టెలో వచ్చిన నాలుగు వస్తువులకు నాలుగు సంఖ్యలు, ఒక్కొక్కప్పుడు వేరు వేరు సుంకములు. సంఖ్య తప్పుగా వ్రాసినచో పెట్టె రేవులోనే ఆగిపోవును. ఆగిన ప్రతిదినమునకు నిలువ కిరాయి పడును; అదియు చివరకు చీటీలోనికే వచ్చును.

ఇక మారకపు రేటు. 1966 జూన్ 6న మన ప్రభుత్వము రూపాయి విలువను తగ్గించినది. అంతకుముందు డాలరునకు 4 రూపాయల 76 పైసలు. ఆనాటినుండి 7 రూపాయల 50 పైసలు. నూరు డాలర్ల భాగము 476 రూపాయలనుండి 750 రూపాయలకు పోయినది. భాగము మారలేదు, చేసిన కార్మికుని కూలి మారలేదు, ఓడ మారలేదు. మన నాణెము కొలత మారినది. ఆ కాలమున డబ్బున్నను చాలదు. దిగుమతి లైసెన్సు కావలెను. 1991లో వచ్చిన సంస్కరణలతో యంత్రములు, విడిభాగములు మొదలగువాని దిగుమతికి ఆ లైసెన్సు అవసరము చాలవరకు తొలగినది.

విదేశీ మారకపు కొరత ఎంతటిదో నాగార్జునసాగరమును చూచినవారికి తెలియును. 1955 డిసెంబరు 10న జవహర్‌లాల్ నెహ్రూ శంకుస్థాపన చేసిన ఆ ఆనకట్టను కాంక్రీటు యంత్రములతో గాక, ప్రధానముగా రాతితో, మనుష్యుల చేతులతో కట్టిరి. యంత్రములను, వాని భాగములను కొనుటకు కావలసిన విదేశీ ధనమును మిగుల్చుటయు, వేలమందికి పని కల్పించుటయు అందలి ఉద్దేశములు. తట్టలు మోసిన ఆ కూలీల కష్టమే నేడు ఎడమ కాలువగా పాలేరు మీదుగా ఖమ్మము పొలములకు నీరై వచ్చుచున్నది. విడిభాగముల వెల ఒక ఆనకట్ట రూపునే మార్చగలదనుటకు ఇంతకంటె దగ్గరి నిదర్శనము అక్కరలేదు.

ఇంతవరకు చెప్పినది దారి ఖర్చు. కాని కర్మాగారపు గుమ్మమువద్దనే ఒక భాగము చౌకగా, ఒక భాగము ప్రియముగా నుండుటకు కారణమేమి? ఇందుకు మన రేడియో పెట్టెయే చక్కని పోలిక. రేడియోలో వేయు బ్యాటరీ ఏ అంగడిలోనైనను దొరకును. దాని కొలత అందరికి తెలిసినది, చేయువారు పలువురు, కావున ఎవడును వెలను ఇష్టము వచ్చినట్లు పెంచలేడు. అదే రేడియోలోని స్టేషను త్రిప్పు బుడిపె విరిగినచో ఆ కంపెనీ బుడిపెయే కావలెను. బ్యాటరీకంటె దానిలో సరకు తక్కువ; కాని చేయువాడు ఒక్కడే.

యంత్రభాగములును ఇట్లే మూడు తరగతులు. మొదటి తరగతి మట్టితో అరిగిపోవునవి: బకెట్టు పళ్ళు, పిన్నులు, బుష్షులు. వీనిని మన దేశమున చేయువారు అనేకులు. కొన్నింటిని కొత్తగూడెములోని లేతు మిషనువాడే తిప్పి యీయగలడు. రెండవ తరగతి లోకమంతట ఒకే కొలత గలవి: బేరింగులు, బెల్టులు, హోస్ పైపులు, చాలవరకు సీళ్ళు. 6205 అను సంఖ్య గల బేరింగు ఏ దేశమున చేసినను లోపలి రంధ్రము 25 మిల్లీమీటర్లు, వెలుపలి వ్యాసము 52, వెడల్పు 15. దానినే యంత్రపు కంపెనీ తన పెట్టెలో పెట్టి, తన సంఖ్య వేసి అమ్మినచో వెల హెచ్చును. మూడవ తరగతి ఒక్క కంపెనీకే తెలిసినవి: ప్రధాన పంపు, కంట్రోల్ వాల్వు, ఎలక్ట్రానిక్ నియంత్రణ పెట్టె. నిర్మాణ యంత్రముల పొగను తగ్గించు నియమములు 2021లోను, మరల 2025లోను కఠినమైన పిమ్మట ఈ మూడవ తరగతి పెరిగినది. గాలి శుభ్రమగుట మంచిదే. కాని వెనుకటి మేస్త్రీ సుత్తితో, స్పానరుతో బాగుచేసిన చోట నేడు కంపెనీవారి కంప్యూటరు కావలసి వచ్చుచున్నది.

యంత్రమును అమ్మునప్పుడు పోటీ తీవ్రము. కొనువాడు నలుగురి వద్ద బేరమాడును. కొనిన పిమ్మట భాగముల విషయమున ఆతడు ఒక్కరికే కట్టుబడినవాడు. కావున అనేక కంపెనీలు యంత్రముపై తక్కువ లాభముతో తృప్తిపడి, భాగములపై ఎక్కువ లాభము తీయును. కంపెనీల వాదనయు వినదగినదే. పది యేండ్లనాటి యంత్రమునకు గూడ భాగము దొరకవలెనన్నచో వేలాది రకములను ఏండ్లతరబడి గిడ్డంగిలో ఉంచవలెను. కొన్ని ఎన్నటికిని అమ్ముడుపోవు. అమ్ముడుపోవు భాగముల వెలలో అమ్ముడుపోని భాగముల ఖర్చు కలిసియుండును.

వెలను హెచ్చించు మరియొక శక్తి కలదు. అది మన అత్యవసరము. గంటకు వెయ్యి రూపాయల కిరాయి, దినమునకు ఎనిమిది గంటల పని అనుకొనినచో, అయిదు దినములు నిలిచిన యంత్రము 40,000 రూపాయలను పోగొట్టును. రెండువేలు తక్కువకు దొరకునని అయిదు దినములు వేచినవాడు లాభపడలేదు. ఈ సంగతి అమ్మువానికిని తెలియును. కావున భాగపు వెల దానిలోని రబ్బరునుబట్టి గాక, అది లేనిచో మనకు కలుగు నష్టమునుబట్టి నిర్ణయమగుచున్నది. ఆ రోడ్డు ప్రక్క నిలిచిన యజమాని ప్రశ్నకు అసలైన సమాధానము ఇదియే. ఆయన కొనుచున్నది గాజంత రబ్బరు కాదు; వానలో ఆగిపోయిన తన అయిదు దినములను తిరిగి కొనుచున్నాడు.

ఈ తొందరలోనే నకిలీ సరకు ప్రవేశించును. దుకాణమునకు పోగానే మొదటి ప్రశ్న: "కంపెనీదా, లోకలా?" లోకల్ అనినంతమాత్రమున చెడ్డది కాదు, తన పేరు తాను వేసికొని అమ్ము కర్మాగారము గౌరవింపదగినదే, దానివలననే వెలలు అదుపులో నున్నవి. ఇతరుల పేరును, పెట్టెను అనుకరించి అమ్మునదే నకిలీ. ఏది కొనదగినదో తేల్చుటకు గంట లెక్క మంచిది. ఆరువేల సీలు మూడువేల గంటలు నిలిచినచో గంటకు రెండు రూపాయలు. రెండువేల సీలు ఆరువందల గంటలకే చెడినచో గంటకు మూడు రూపాయల ముప్పదిమూడు పైసలు. అంతేగాక మొదటిది ఒక్కసారి మార్చుచోట రెండవదానిని అయిదుసార్లు విప్పి బిగించవలెను. ఇవి ఉదాహరణపు అంకెలు. ఎవరి యంత్రపు గంటలు వారు వ్రాసియుంచుకొనినచో తమ నిజమైన అంకెలు తామే తెలిసికొనగలరు.

దేశము చేయదగిన పని కొంత జరిగినది. 1964లో ప్రభుత్వము బెంగుళూరులో బీఈఎంఎల్‌ను స్థాపించినది. 1979లో జేసీబీ ఒక భారతీయ సంస్థతో కలిసి హర్యానాలోని బల్లభ్‌గఢ్‌లో యంత్రములు చేయ మొదలిడినది. యంత్రములు ఇచటనే తయారగుకొలది మొదటి రెండు తరగతుల భాగములు చేయు చిన్న కర్మాగారములును పెరిగినవి. మూడవ తరగతి భాగములకే ఇంకను సముద్రమువైపు చూడవలసి వచ్చుచున్నది. పెద్ద గనుల సంస్థలు యంత్రము కొనునప్పుడే రాబోవు ఏండ్ల భాగములకు గూడ వెల మాట్లాడుకొనగలవు. ఒక్క యంత్రము గలవానికి అట్టి బలము లేదు.

అట్లని ఆతడు చేయగలిగినది లేకపోలేదు. ప్రతి భాగమునకును గల సంఖ్యను యంత్రపు పుస్తకమునుండి వ్రాసియుంచుకొనవలెను. సంఖ్య తెలిసినవాడు నాలుగు ఊళ్ళలో వెల అడుగగలడు, తెలియనివాడు చూపించిన దానినే కొనును. బేరింగు మార్చునప్పుడు పాతదానిపై చెక్కిన సంఖ్యను చదువవలెను. అది రెండవ తరగతిదైనచో కంపెనీ పెట్టెకు అదనపు డబ్బు ఈయనక్కరలేదు. పంపు, వాల్వు వంటి మూడవ తరగతి వస్తువు విషయమున మాత్రము బేరముకంటె జాగ్రత్తయే మేలు: నూనెను, ఫిల్టరును వేళకు మార్చినచో అవి చిరకాలము నిలుచును. ఒకే రకపు యంత్రములు గల నలుగురు కలిసి, అందరికి పనికివచ్చు సీలు కిట్టు, హోస్ పైపు వేసవిలోనే కొని ఒకచోట నుంచవచ్చును. తొందర లేనివాడే బేరమాడగలడు. ఈ సీమలో తొందర లేని కాలము మృగశిర కార్తెకు ముందే ముగియును.

ఆ దినమున యజమాని చివరకు చీటీలోని వెల యిచ్చియే సీలు తెప్పించినాడు. మరునాటి మధ్యాహ్నమునకు యంత్రము కదలినది. సాయంత్రమునకు కోతపడిన రోడ్డు పూడినది. ఆవలి గూడెములకు మరల దారి కలిగినది. వచ్చు వర్షాకాలమున 43 అడుగుల వార్త రేడియోలో వినునప్పటికి ఆయన పనిముట్ల పెట్టెలో అట్టి సీలు మరియొకటి ముందుగానే యుండవలెనని మా కోరిక.